కార్డు వెనక ఉత్తరం

డిసెంబరు 31 రాత్రి పన్నెండు దాటి, ఒకరికొకరు వందనాలు చెప్పుకోవడం అయ్యాక మా గుళ్ళో స్టీలు పళ్ళెం ఒకటి తిరుగుతుంది. అందులో పేకముక్కంత కార్డులు బోర్లా పడి ఉంటాయి. పేకముక్క అన్నానని తెలిస్తే మా అమ్మ ఊరుకోదు. కానీ సైజు అదే, తీసేటప్పుడు గుండె కొట్టుకోవడమూ అదే. కార్డు మీద సూర్యోదయం బొమ్మ, కింద ఒక వచనం, పక్కన రిఫరెన్సు. అదే ఆ ఏడాదికి మన వాగ్దానం. ఎవరిది వాళ్ళు చదువుకుని, వెంటనే పక్కవాళ్ళది తొంగి చూస్తారు. గద్దింపు వాక్యం మాత్రం ఎవరికీ రాదు. కార్డులు అచ్చువేసేవాళ్ళు అలాంటివి వేయరు మరి.

నాకు ఇరవై నాలుగేళ్ళప్పుడు యిర్మీయా 29:11 వచ్చింది. దేవుడు తన జనం గురించి పెట్టుకున్న ఆలోచనలు మేలుకే గాని కీడుకు కావనీ, ముందు రోజులకు ఆశ ఉందనీ దాని సారాంశం. ఉద్యోగ పరీక్ష రాసి ఫలితం కోసం కాచుకున్న రోజులవి. దేవుడు ఇంతకంటే విడమర్చి ఏం చెప్పాలి? కార్డును బైబిలు జిప్ కవరులో దాచుకున్నాను. మార్చి పోయింది, జూన్ పోయింది, దసరా దాటింది. నవంబరులో లిస్టు పెట్టారు. నా నంబరు లేదు. ఇంటికొచ్చి కార్డు తీసి చూస్తే అంచులు మెత్తబడి, సూర్యోదయం మీద చెమట మరక పడి ఉంది. దేవుడు మాట తప్పాడా, నా విశ్వాసం చాలలేదా అని ఆ రాత్రంతా కొట్టుకున్నాను. ఆ మాట అసలు ఎవరితో అన్నాడు అని అడగాలన్న ఊహే రాలేదు. సండే స్కూల్లో కంఠత వాక్యాలు వందకు పైగా నేర్పారు గానీ, ఈ ప్రశ్న నేర్పలేదు.

ఈ అధ్యాయమంతా ఆ ఒక్క ప్రశ్న గురించే.

ఎవరికి వచ్చిన ఉత్తరం?

యిర్మీయా 29 ఒక ఉత్తరం. మాటవరసకు అనడం లేదు, నిజంగానే ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి మనుషులు మోసుకెళ్ళిన ఉత్తరం. క్రీ.పూ. 597లో బబులోను రాజు నెబుకద్నెజరు యెరూషలేమును లొంగదీసుకుని, కుర్ర రాజు యెకొన్యాను, రాజమాతను, అధికారులను, వాళ్ళతోపాటు కంసాలులనూ కమ్మరులనూ చెరపట్టుకుపోయాడు. చేతిలో పనున్నవాళ్ళను ముందు ఊడ్చుకుపోయాడన్నమాట. వెనక మిగిలిన యిర్మీయా, కొత్త రాజు సిద్కియా బబులోనుకు పంపుతున్న దూతల చేతికి ఈ ఉత్తరం ఇచ్చాడు. తర్వాతి కాలంలో ఎజ్రా బబులోను నుంచి యెరూషలేముకు రావడానికి నాలుగు నెలలు పట్టింది. దాన్నిబట్టి ఈ ఉత్తరం ఎంత దూరం నడిచిందో ఊహించుకోండి.

అంత దూరం మోసుకెళ్ళిన ఉత్తరంలో ఏముంది? ఇళ్ళు కట్టుకోండి. తోటలు వేసుకుని వాటి పళ్ళు తినండి. పెళ్ళిళ్ళు చేసుకోండి, మీ పిల్లలకూ చేయండి. మిమ్మల్ని పట్టుకుపోయిన ఆ ఊరి క్షేమం కోసం ప్రార్థన చేయండి. ఆ తర్వాత, నా కార్డు మీదున్న వచనానికి సరిగ్గా ముందున్న పదో వచనంలో అసలు సంగతి: డెబ్భై ఏళ్ళు నిండాక మిమ్మల్ని వెనక్కు తెస్తాను.

డెబ్భై ఏళ్ళు! ఆ ఉత్తరం చదువుతుంటే విన్న ముప్ఫై ఏళ్ళ కమ్మరి ఇక సొంత ఊరి మట్టి తొక్కడు. వాడి మనవడు తొక్కుతాడేమో.

ఇంకో పేజీ వెనక్కు తిప్పండి. 28వ అధ్యాయంలో హనన్యా అనే ప్రవక్త గుడిలో జనం ముందు నిలబడి రెండేళ్ళలో అందరూ తిరిగొస్తారని చెప్పాడు. విని యిర్మీయా ఏమన్నాడో తెలుసా? ఆమేన్ అన్నాడు. అలాగే జరిగితే బాగుండునని మనసారా అన్నాడు. కానీ అలా జరగదని అతనికి తెలుసు. అప్పటికి యిర్మీయా మెడ మీద ఒక కాడి ఉంది, బబులోనుకు లోబడాలన్న గుర్తుగా వేసుకున్నది. హనన్యా దాన్ని లాగి విరిచేశాడు. జనానికి ఎవరి కబురు నచ్చి ఉంటుందో వేరే చెప్పాలా? కార్డులు అచ్చువేసేవాళ్ళు ఆనాడు ఉండి ఉంటే హనన్యా మాటలే వేసేవాళ్ళు.

ఉత్తరం అందుకున్నవాళ్ళు సంతోషించారా అంటే, అదీ లేదు. అదే 29వ అధ్యాయం చివర షెమయా అనే ఆయన బబులోను నుంచి యెరూషలేములోని యాజకుడు జెఫన్యాకు ఫిర్యాదు రాశాడు. చాలాకాలం ఇక్కడే ఉండాలని, ఇళ్ళు కట్టుకోమని రాస్తాడా, ఆ మనిషిని బొండలో వేసి మెడకు సంకెల తగిలించక ఊరుకున్నావేం అని దాని భావం. మనం సూర్యోదయం బొమ్మ కింద వేసుకున్న మాట, మొదట విన్నవాళ్ళ చెవికి చేదుగా తగిలిందన్నమాట.

మా బుధవారం బైబిలు స్టడీలో ఈ అధ్యాయం చదివినప్పుడు మా అందరికంటే ముందు అర్థం చేసుకున్నది, కువైటులో పదమూడేళ్ళు ఇంటిపని చేసి వచ్చిన ఒకావిడ. ఆవిడ అన్నది ఇంచుమించు ఇది: “రెండేళ్ళ అగ్రిమెంటని వెళ్ళాను బాబూ. అందుకని పెట్టె విప్పలేదు. మంచం కింద ఆ పెట్టె అలాగే ఉండేది. ఆదివారం వచ్చేవాళ్ళు కొందరు డబ్బాల్లో కరివేపాకు మొక్కలు పెంచుకుంటుంటే నాకు ఒళ్ళు మండేది. మొక్క వేస్తే ఇక్కడే ఉండిపోతామేమోనని భయం. ఐదో ఏడు వేశాను.”

నేను ఆవిడ కంటే చాలా పుస్తకాలు చదివాను. ఆ భయం దగ్గరికి మాత్రం పోలేదు. తోటలు వేసుకోండి అన్న మాట ఆజ్ఞ ఎందుకైందో, దానికి ధైర్యం ఎందుకు కావాలో ఆవిడ కరివేపాకు మొక్క చెప్పింది.

కాబట్టి, వచనం ముందు వాళ్ళది, తర్వాత మనది. వాళ్ళ చేతిలో ఉన్నప్పుడు దాని అర్థం ఏమిటో తెలుసుకోకుండా లాక్కుంటే మన చేతికి వచ్చేది సూర్యోదయం బొమ్మే.

అంకెలు తర్వాత వచ్చాయి

మనకు ఈ లాక్కునే అలవాటు రావడానికి ఒక కారణం అచ్చులో ఉంది. బైబిలును అధ్యాయాలుగా విడగొట్టిన పద్ధతి 13వ శతాబ్దం మొదట్లో స్టీఫెన్ లాంగ్టన్‌ది. తర్వాత కాంటర్‌బరీ ఆర్చిబిషప్ అయినాయనే. కొత్త నిబంధన వచనాలకు ఇప్పుడు మనం వాడే అంకెలు వేసింది పారిస్ ముద్రాపకుడు రాబర్ట్ ఎస్తియెన్, 1551లో. అంటే పౌలు ఉత్తరం రాసిన పద్నాలుగు వందల తొంభై ఏళ్ళకు అటూ ఇటూ. వెతుక్కోవడానికి ఇంటి నంబర్లలా అవి బ్రహ్మాండంగా పనికొస్తాయి. కానీ ఇంటి నంబరు చూసి ఇంట్లోవాళ్ళ కష్టసుఖాలు చెప్పలేం.

ఒకసారి ఇలా చేసి చూడండి. ఫిలిప్పీయులకు రాసిన పత్రిక తీయండి. నాలుగు అధ్యాయాలు, 104 వచనాలు. అంకెలు పట్టించుకోకుండా, ఎవరో మీకు రాసిన ఉత్తరంలా పైకి చదవండి. నెమ్మదిగా చదివినా ఇరవై నిమిషాలు దాటదు, టీవీ సీరియల్ ఒక ఎపిసోడ్ కంటే తక్కువ. చదివాక నాలుగో అధ్యాయం పదమూడో వచనం దగ్గరికి రండి. ఆటోల వెనక, పరీక్ష ప్యాడ్ల మీద, జిమ్ముల గోడల మీద కనిపించే వచనమే. బలపరిచేవాడి వల్ల అన్నీ చేయగలనన్నది. దాని ముందు రెండు వచనాల్లో పౌలు తన కడుపు గురించి మాట్లాడుతున్నాడు. నిండుగా తిన్న రోజులు చూశాను, ఆకలి చూశాను, రెండింటిలోనూ ఉండడం నేర్చుకున్నాను అంటున్నాడు. సంకెళ్ళలో ఉన్న మనిషి. ఫిలిప్పీ సంఘం వాళ్ళు ఎపఫ్రొదితు చేత డబ్బో వస్తువులో పంపితే, అందాయని ఒప్పుకుంటూ కృతజ్ఞత రాస్తున్నాడు. 18వ వచనంలో “అంతా అందింది” అనడానికి వాడిన గ్రీకు మాట ఆ కాలపు రసీదుల మీద కనిపించే మాటే. రసీదు రాస్తూ అన్న మాటను మనం నూటికి నూరు మార్కుల మంత్రం చేసుకున్నాం. పౌలు ఆకలిని గెలుస్తానని చెప్పలేదు, ఆకలితో బతకగలనన్నాడు. పరీక్ష తప్పిన కుర్రవాడికి ఈ రెండో అర్థం ఎంత అవసరమో తప్పినవాణ్ణి కాబట్టి చెబుతున్నాను.

ఇంకొకటి. వర్షం పడి ప్రార్థన కూడికకు నలుగురే వస్తే ఎవరో ఒకరు తప్పకుండా మత్తయి 18:20 ఎత్తుకుంటారు. ఇద్దరు ముగ్గురు కూడిన చోట నేనుంటానని యేసు అన్నాడు కదా అని. మంచి మాటే, ఓదార్పే. కానీ 15వ వచనం నుంచి చదవండి. ఒక సహోదరుడు తప్పు చేస్తే ఒంటరిగా వెళ్ళి చెప్పాలి, వినకపోతే ఇద్దరు ముగ్గురు సాక్షులతో వెళ్ళాలి, అప్పటికీ వినకపోతే సంఘానికి చెప్పాలి అన్న వరసలో వచ్చిన మాట అది. తగవు తీర్చడానికి కూర్చున్న ఇద్దరు ముగ్గురు. వాళ్ళ మధ్య ఆయన ఉంటాడంటే, తీర్పు చెప్పేముందు నోరు అదుపులో పెట్టుకోవాలని అర్థం. హాజరు తక్కువైనందుకు ఓదార్పుగా వాడుకుని, సంఘంలో తగాదా వచ్చిన రోజున ఆ అధ్యాయాన్నే మరిచిపోతాం.

సామెతకు సామెతే శత్రువు

బైబిలంటే ఒక పుస్తకం కాదు, అలమర. మా ప్రొటెస్టెంట్ బైబిల్లో 66, రోమన్ కాథలిక్కుల బైబిల్లో 73 పుస్తకాలున్నాయి. అందులో చట్టముంది, పెళ్ళిపాట ఉంది, వంశావళి ఉంది, శోకం ఉంది, ఉత్తరాలున్నాయి. పెళ్ళి శుభలేఖనూ కరెంటు బిల్లునూ మనం ఒకేలా చదవం. ఇక్కడ మాత్రం అన్నిటినీ ఒకే గొంతుతో చదివేస్తాం.

సామెతలు 26లో నాలుగో వచనం మూర్ఖుడికి వాడి మూర్ఖత్వానికి తగ్గట్టు జవాబివ్వొద్దంటుంది. దాని వెంటనే ఐదో వచనం ఇవ్వమంటుంది. బైబిల్లో తప్పులు వెతికేవాళ్ళకు ఇది పండగ, సమర్థించేవాళ్ళకు తలనొప్పి. తెలుగువాడికి ఇందులో ఇబ్బందేముంది? నిదానమే ప్రధానం అన్నదీ మనమే, ఆలస్యం అమృతం విషం అన్నదీ మనమే. మా మేనత్త పొద్దున ఒకటి, సాయంత్రం ఇంకొకటి వాడేది. రెండుసార్లూ ఆమె మాటే రైటయ్యేది. సామెత అంటే సందర్భం చూసి తీసే పనిముట్టు, హామీపత్రం కాదు. ఈ సంగతి తెలియక ఎంతమంది తల్లిదండ్రులు నలిగిపోయారో! పిల్లవాణ్ణి సరైన దారిలో పెడితే పెద్దయ్యాకా తప్పడని సామెతలు 22:6లో ఉంది. కొడుకు తాగుడులో పడితే, మనం పెంచడంలోనే ఏదో తప్పు చేశామని ఆ వచనం చూపించి తమను తాము శిక్షించుకున్నవాళ్ళు నాకు తెలుసు. అనుభవంలో ఎక్కువసార్లు నిజమయ్యే మాటను పూచీకత్తు చేస్తే ఇదే జరుగుతుంది. అలాంటి తల్లికి నేను ముందు యోబు గ్రంథం చదవమంటాను. తప్పు చేసినవాడికే కష్టమొస్తుందని వాదించిన స్నేహితులను దేవుడు చివర్లో కోప్పడ్డాడు, యోబును కాదు.

ఉత్తరాలకూ మర్యాదలుంటాయి. మన పాత ఉత్తరాల్లో ఉభయకుశలోపరి అని మొదలుపెట్టేవాళ్ళు. ఇక్కడ మేమంతా క్షేమం, అక్కడ మీరంతా క్షేమమని తలుస్తాను అన్న వాక్యాన్ని ఎవరూ సిద్ధాంతంగా తీసుకోలేదు. గ్రీకు ఉత్తరాల్లోనూ పలకరింపు వెనకే ఆరోగ్యం కోరే వాక్యం ఆనవాయితీ. యోహాను మూడో పత్రిక రెండో వచనం అలాంటిదే. గాయు అనే స్నేహితుడు అన్ని విషయాల్లో బాగుండాలని, ఆరోగ్యంగా ఉండాలని పెద్దాయన కోరుకున్నాడు. ఆ ఒక్క వాక్యం మీద, విశ్వాసి అన్నవాడికి జబ్బు రాకూడదు, అప్పు ఉండకూడదు అని మేడలు కట్టారు. ఆ మేడ కింద నలిగేది మందులు మానేసిన షుగరు పేషెంటు. మందులు మాత్రం మానకండి. తిమోతి కడుపునొప్పికి పౌలు కొంచెం ద్రాక్షారసం తీసుకోమన్నాడు, విశ్వాసం పెంచుకోమని చెప్పలేదు.

ఉపమానాల దగ్గర మనది వ్యతిరేక జబ్బు. అక్కడ ప్రతిదానికీ రహస్యార్థం కావాలి. మంచి సమరయుడి కథలో దెబ్బలు తిన్న మనిషి ఆదాము, దొంగలు సాతాను మూక, సమరయుడు క్రీస్తు, పూటకూళ్ళ ఇల్లు సంఘం, దాన్ని నడిపేవాడు పౌలు అని మన స్పీకర్లు చెబుతుంటే అబ్బ ఎంత లోతు అనుకుంటాం. అది 1,600 ఏళ్ళ కిందట అగస్టీను చెప్పిన లోతే. ఆయనంటే నాకు గౌరవం ఉంది. కానీ యేసు ఆ కథ చెప్పింది నా పొరుగువాడెవడు అని అడిగిన ధర్మశాస్త్ర పండితుడికి. కథ అయ్యాక ఆయన అడిగినదీ, ఈ ముగ్గురిలో పొరుగువాడుగా నడుచుకున్నదెవరనే. పూటకూళ్ళ ఇంటి యజమాని పౌలైతే ఆ ప్రశ్న ఎటు పోయింది? దారిన పడి ఉన్న మనిషి కులం అడగకుండా ఎత్తుకోవాల్సిన పని మన నెత్తి మీద నుంచి నెమ్మదిగా జారిపోయింది. రహస్యార్థాల సుఖం అదే.

తెలుగు మాటతో జాగ్రత్త

1805లో లండన్ మిషనరీ సొసైటీ వాళ్ళు జార్జ్ క్రాన్, అగస్టస్ డెస్‌గ్రాంజెస్ విశాఖపట్నంలో దిగి, ఆనందరాయరు అనే తెలుగాయన సాయంతో సువార్తలను తెలుగు చేయడం మొదలుపెట్టారు. 1810 నాటికి ఇద్దరూ కన్నుమూశారు. కొత్త నిబంధన పూర్తిగా తెలుగులో అచ్చయింది 1818లో. అప్పటి నుంచి సవరణలు ఎన్ని జరిగినా ఒక ప్రత్యేకమైన తెలుగు మనకు మిగిలిపోయింది. బయటివాళ్ళ మధ్య మాట్లాడితే మన నోటి నుంచి అది వినగానే క్రైస్తవులని పట్టేస్తారు.

ఆ తెలుగు అందమైనదే, కానీ జారుడు మెట్లున్నాయి. రక్షణ అంటే పేపర్లో సైన్యం, గుళ్ళో పాపం నుంచి విడుదల. సమాధానం అంటే బళ్ళో జవాబు, గుళ్ళో శాంతి. నిరీక్షణ అంటే సినిమా పాటల్లో ఎదురుచూపు, గుళ్ళో ఆశ. ఈ మూడోదాన్ని చాలాకాలం నేను అనువాద లోపమనుకున్నాను. యిర్మీయా 29:11లో ఆ మాటకు హెబ్రీ మూలం తిక్వా. ఆశించడం, కనిపెట్టుకుని ఉండడం రెండూ కలిసిన క్రియ నుంచి పుట్టింది. రాహాబు కిటికీకి కట్టిన ఎర్ర తాడును చెప్పేటప్పుడు వాడిన మాటా అదే. డెబ్భై ఏళ్ళు కాచుకోవాల్సిన జనానికి ఆశనూ ఎదురుచూపునూ కలిపి ముడేసిన మాట కంటే మంచిది ఏముంటుంది? మన పూర్వులు తెలిసి వేశారో తెలియక వేశారో గానీ సరైన మాటే వేశారు.

అదే అధ్యాయంలో ఒక చోట మాత్రం తెలుగు మనకు కొంత దాచింది. ఏడో వచనంలో ఆ పట్టణ క్షేమం అని, పదకొండో వచనంలో సమాధానం అని పాత అనువాదంలో చదువుతాం. హెబ్రీలో రెండు చోట్లా ఒకే మాట, షాలోమ్. బబులోను బాగుంటేనే మీరు బాగుంటారన్న ఆ షాలోమే మీ గురించి నేను పెట్టుకున్న ఆలోచనలలోనిది అని దేవుడు అంటున్నాడు. శత్రువు ఊరి బాగును పక్కన పెట్టి నా వాగ్దానం ఒక్కటీ కోసుకుని రావడం కుదరదు. ఇలాంటివి పట్టుకోవడానికి హెబ్రీ పండితులు కానక్కర్లేదు. రెండు మూడు తెలుగు అనువాదాలు పక్కపక్కన పెట్టుకోండి. ఎక్కడ మాట మారిందో అక్కడ ఆగండి. 1890లో వచ్చిన స్ట్రాంగ్స్ కాంకార్డెన్స్ అంకెలు ఇప్పుడు ఫోను యాప్‌లలోనే ఉన్నాయి, ఏ మూలపదం ఎక్కడ వచ్చిందో చూపిస్తాయి.

కానీ ధాతువు దొరికిందని గంతులేయకండి. నూనె అన్న మాట పుట్టింది నువ్వుల నెయ్యి నుంచి. అంతమాత్రాన వేరుశనగ నూనెలో నువ్వులున్నాయని ఎవరైనా అంటే నవ్వుతాం. శక్తికి గ్రీకులో డ్యునామిస్ అంటారు, డైనమైటు అందులోంచే వచ్చింది కాబట్టి సువార్త డైనమైటులా పేలుతుందని మైకులో అంటే మాత్రం హల్లెలూయా అంటాం. డైనమైటు నోబెల్ 1867లో పేటెంటు తీసుకున్న సరుకు. పౌలుకు దాని ఊసే తెలియదు.

తలాంతు సంగతీ ఇంతే. మన యవ్వనస్తుల కూడికల్లో తలాంతు అంటే పాట, కీబోర్డు, స్కిట్టు. యేసు కథలో తలాంతు ఒక తూకం, అంత తూకం డబ్బు. సుమారు 6,000 దేనారాలు. ఒక దేనారం కూలివాడి రోజు కూలి. ఏడాదికి మూడొందల పనిదినాలు వేసుకుంటే ఒక్క తలాంతు ఇరవై ఏళ్ళ సంపాదన. ప్రతిభ అన్న అర్థం ఈ కథ నుంచే తర్వాత ఐరోపా భాషల్లోకి పోయి, తిరిగి మన గుడికి వచ్చింది. అందరికంటే తక్కువ అందుకుని, భయపడి గుంట తీసి పాతినవాడి చేతిలో కూడా ఇరవై ఏళ్ళ జీతముంది. ఈ లెక్క తెలిశాక ఆ కథలో ఎవరూ బీదవాళ్ళు కారు.

తెలుగు మనకిచ్చే ఒక వరం కూడా చెబుతాను. గ్రీకుకు, ఇంగ్లీషుకు మేము, మనం అన్న తేడా లేదు. మార్కు నాలుగో అధ్యాయంలో తుపాను లేచింది. యేసు పడవ వెనక భాగంలో తలగడ మీద నిద్రపోతున్నాడు. శిష్యులు లేపి, మునిగిపోతుంటే పట్టదా అని అడిగారు. ఎవరు మునిగిపోతున్నారు? మేమా, మనమా? గ్రీకు క్రియ నోరు విప్పదు. తెలుగులోకి తెచ్చేవాడు ఏదో ఒకటి తేల్చక తప్పదు. మనం అంటే పడవలో ఆయన కూడా ఉన్నాడు. మేము అంటే ఆయన్ను పక్కన పెట్టేశారు, అందులో నిష్ఠూరం ఉంది. మీ బైబిల్లో ఏముందో ఇప్పుడే తీసి చూసి, రెండో మాట వేసి ఇంకోసారి చదవండి.

ఆత్మ ఉండగా చదువెందుకు?

ఈ మాట నన్ను చాలామంది అడిగారు, కొందరు కోపంగానే. పరిశుద్ధాత్మ బోధిస్తాడు, సందర్భాలూ చరిత్రలూ మనకెందుకని. అపొస్తలుల కార్యములు ఎనిమిదో అధ్యాయంలో కందాకే రాణి ఖజానా చూసే ఐతియొపీయుడు రథంలో కూర్చుని యెషయా చదువుతున్నాడు. చదివింది అర్థమవుతోందా అని ఫిలిప్పు అడిగితే, ఒకరు దారి చూపకపోతే ఎలా అన్నాడు. తర్వాత అతను వేసిన ప్రశ్న చూడండి: ప్రవక్త ఈ మాట ఎవరి గురించి చెబుతున్నాడు, తన గురించా, ఇంకొకరి గురించా? మంచి బైబిలు విద్యార్థి అడగాల్సిన మొదటి ప్రశ్న అదే. అంత పెద్ద ఉద్యోగి, అడగడానికి సిగ్గుపడలేదు. ఆత్మ అక్కడ లేడా? ఉన్నాడు. ఫిలిప్పును ఆ రథం పక్కన పరుగెత్తించింది ఆత్మే. అర్థాన్ని నేరుగా చెవిలో ఊదకుండా చెప్పే మనిషిని పంపాడు.

పంపిన మనుషులందరూ ఒకటే చెప్పరు, అదీ నిజమే. మా ఇంట్లోనే అమ్మ తరఫువాళ్ళు లూథరన్లు, పసిపిల్లలకు బాప్తిస్మం ఇస్తారు. నాన్న తరఫువాళ్ళు బాప్టిస్టులు, ఎదిగి నమ్మాక ముంచితేనే బాప్తిస్మం అంటారు. రెండు వైపులా అవే వచనాలు చదివే పెద్దలు, ప్రార్థించే పెద్దలు. ఈ విషయంలో నాకొక అభిప్రాయం ఉంది గానీ ఈ పుస్తకంలో చెప్పను, మా పెళ్ళిళ్ళకు రెండు వైపులా రావాలి.

ఒక వారం ఇలా

కొత్త నోటుబుక్కు ఒకటి కొనండి. ఒకే ఒక్క భాగం తీసుకోండి, యిర్మీయా 29 అయినా సరే. మూడు రోజులు అదే చదవండి, వ్యాఖ్యానం ముట్టుకోవద్దు. మొదటి రోజు ఎవరు, ఎవరితో, ఎక్కడ, ఎప్పుడు అన్నవి మాత్రం రాసుకోండి. రెండో రోజు కాబట్టి, అయితే, ఏలయనగా లాంటి మాటల కింద గీతలు గీయండి. ప్రసంగాల్లో మనం మింగేసేవి అవే, రచయిత ఆలోచన నడిచిన అడుగులూ అవే. నీవు అన్నాడా, మీరు అన్నాడా చూడండి. నా కార్డు మీద వచనంలో ఉన్నది బహువచనం. ఒక జనానికి చెప్పిన మాటను నేను ఒక్కణ్ణి, అదీ ఒక ఉద్యోగానికి, రాయించుకున్నాను. మూడో రోజు అర్థంకానివన్నీ ప్రశ్నలుగా రాయండి. పిచ్చి ప్రశ్న అని కొట్టేయకండి. బబులోనులో ఏ పళ్ళు పండుతాయి అన్నదీ ప్రశ్నే.

నాలుగో రోజు వ్యాఖ్యానం, బైబిలు నిఘంటువు తెరవండి, మీ ప్రశ్నలు పట్టుకుని. అలా తెరిస్తే పుస్తకం మీకు పనిచేస్తుంది, లేకపోతే మీరు దానికి పనిచేస్తారు. ఐదో రోజు ఇంకొకరితో కూర్చోండి. మీకంటే తక్కువ చదువుకున్నవాళ్ళైతే మరీ మంచిది, కువైటావిడ విషయం చెప్పాను కదా. ఆ తర్వాతే, ఇది నాకేమంటోంది అన్న ప్రశ్న. ఈలోపల ఆ ప్రశ్న పదిసార్లు తలుపు తడుతుంది. కాసేపు అరుగు మీద కూర్చోమనండి.

నాకు ఉద్యోగం తర్వాత వచ్చింది, వేరే ఊళ్ళో, నేను కోరుకోనిది. ఆ ఊళ్ళో మూడేళ్ళు అద్దె ఇంట్లో మేకు కూడా కొట్టకుండా బతికాను.

పోయిన డిసెంబరు 31న అమ్మకు యిర్మీయా 29:11 వచ్చింది. కళ్ళు ఆనడం లేదు, ఇంటికొచ్చాక నన్ను చదవమంది. కార్డు పక్కన పెట్టి అధ్యాయం మొదటి నుంచి చదివాను. డెబ్భై ఏళ్ళ దగ్గర ఆపి, “ఏరా, మరి ఆ ముసలాళ్ళ సంగతో?” అంది.

“వాళ్ళు వెనక్కు రాలేదమ్మా. అక్కడే పోయారు.”

కాసేపు మాట్లాడలేదు. దుప్పటి కాళ్ళ మీదికి లాక్కుని, “తోటలు వేయమన్నాడు కదా, పళ్ళన్నా తిన్నారా?” అంది.

“తినమనే రాశాడమ్మా. ఐదో వచనం.”

“ఇంకోసారి చదువు, అది.”